మావెరిక్స్ ఓనర్ డ్యూమాంట్ గారికి: గేమ్ సెవెన్ గెలిచిన టీమ్‌ని ఎలా చూసుకోవాలో చెప్పాలనిపించింది

ప్యాట్రిక్ డ్యూమాంట్ గారికి, డాలస్ మావెరిక్స్ బాస్కెట్‌బాల్ టీమ్ మేనేజ్‌మెంట్‌లో ఉన్న మిగతా పెద్దలందరికీ,

నమస్కారం. 2025 నవంబర్ 11న నికో హారిసన్ గారిని జీఎం (జనరల్ మేనేజర్) పోస్ట్ నుంచి తీసేసిన రోజు మీరు ఫ్యాన్స్‌కి ఒక లెటర్ రాశారు. గత కొన్ని నెలలు మమ్మల్ని ఎంత కదిలించాయో మీకు అర్థమైందని అందులో అన్నారు. దానికి ఇది నా జవాబు. తెలుగులోనే రాస్తున్నా, ఎందుకంటే డాలస్ చుట్టుపక్కల ఇర్వింగ్, ఫ్రిస్కో, ప్లేనో, అలెన్ ఎటు చూసినా మీ టీమ్ గేమ్స్ చూసే తెలుగు ఇళ్ళు బోలెడున్నాయి, ముందు వాళ్ళు చదవాలి, ఆ తర్వాత ఎవరో ఒకరు మీ దాకా చేరేస్తారని నమ్మకం.

నేను చెప్పాలనుకున్నది ఒక్కటే. ప్లేఆఫ్స్‌లో, అంటే సీజన్ చివరి నాకౌట్‌లో, ముందు నాలుగు గెలిచినవాళ్ళదే సిరీస్, అందులో చిట్టచివరి గేములుంటాయి చూడండి, ఓడితే ఇంక ఇంటికే అనే గేమ్ సిక్స్, గేమ్ సెవెన్, వాటిల్లో గెలవడం అంటే లెక్కలో ఇంకో గెలుపు కలవడం అనుకోకండి. ఏ ప్లేయర్ మీద ఎంత బరువు పెట్టొచ్చో టీమ్‌కి తెలిసేది అక్కడే, ఊరు ఆ టీమ్‌ని తనది అనుకోవడం మొదలయ్యేది కూడా అక్కడే. ఈ రెండూ మీ చేతిలో ఉండగా 2025 ఫిబ్రవరిలో మన స్టార్ లూకా డాంచిచ్‌ని లేకర్స్‌కి ట్రేడ్ చేసి వదిలేసుకున్నారు. నాకు కోపం ఉంది, దాచను, కానీ ఇది రాయడానికి కారణం మీ కొత్త కుర్రాడు కూపర్ ఫ్లాగ్ విషయంలో మళ్ళీ అలా జరగకూడదని.

82 గేముల రెగ్యులర్ సీజన్‌లో ఎవరైనా ఒక రాత్రి 40 పాయింట్లు కొట్టొచ్చండి. అవతలి టీమ్ ముందు రోజు ఇంకో ఊళ్ళో ఆడి అర్ధరాత్రి ఫ్లైట్ దిగొచ్చి ఉంటుంది, వాళ్ళ కోచ్‌కి మన మీద కూర్చుని ఆలోచించే టైమ్ కూడా ఉండదు. ప్లేఆఫ్స్‌లో అది నడవదు. అదే టీమ్‌తో, అదే ఐదుగురితో, రోజు విడిచి రోజు దాదాపు రెండు వారాలు. గేమ్ ఫోర్ అయ్యేసరికి మన ప్లేలన్నీ అవతలి కోచ్‌కి కంఠతా వచ్చేస్తాయి, ఎడమకి వెళ్తే ఏం చేస్తాడు, అలిసిపోతే ఏ షాట్‌కి పోతాడు, మన ఐదుగురిలో డిఫెన్స్‌లో వీక్ ఎవరు, అన్నీ తెలిసిపోయి ఆ వీక్‌గా ఉన్నవాణ్ణే మళ్ళీ మళ్ళీ స్క్రీన్‌లోకి (దారికి అడ్డంగా మనిషిని నిలబెట్టే ఎత్తులోకి) లాగి లాగి ఆడతారు. గేమ్ సిక్స్ వచ్చేసరికి దాచిపెట్టుకున్న ఎత్తులు రెండు వైపులా అయిపోతాయి, కాళ్ళు బరువెక్కుతాయి, రిఫరీ విజిల్ కూడా అంత తొందరగా మోగదు. పెళ్ళిలో ఫోటోలకి అందరూ ఉంటారు, ఆఖరి పంక్తిలో నిలబడి వడ్డించేది ఎవరో చూస్తే సొంత మనిషెవరో తెలిసిపోతుంది. గేమ్ సెవెన్ కూడా అంతే.

2022 మే నాటికి మీరింకా ఈ టీమ్‌లోకి రాలేదు. అప్పుడు ఓనర్ మార్క్ క్యూబన్ గారు, మీ కుటుంబం కొన్నది 2023 డిసెంబర్‌లో. కానీ నికో గారు అప్పటికే జీఎం, కోచ్‌గా జేసన్ కిడ్ గారికి అది మొదటి సీజన్, అంటే ఇద్దరూ దగ్గరుండి చూసినవాళ్ళే. వెస్ట్ (లీగ్‌లో పశ్చిమ సగం) సెమీస్‌లో ఎదురుగా ఫీనిక్స్ సన్స్. ఆ సీజన్‌లో వాళ్ళవి 64 గెలుపులు, ఆ ఫ్రాంచైజ్ చరిత్రలోనే అంతకు ముందు లేనన్ని. మనవాళ్ళవి 52. ఫీనిక్స్‌లో మొదటి రెండు గేములూ పోయాయి, గేమ్ వన్‌లో లూకా డాంచిచ్ 45 కొట్టినా సరే పోయింది, మిగతావాళ్ళెవరూ తోడు రాలేదు. డాలస్ వచ్చాక కథ మారింది. గేమ్ త్రీ రోజు సన్స్ ప్లేయర్ క్రిస్ పాల్ 37వ పుట్టినరోజు, ఆయన్ని రెజీ బుల్లక్ కోర్ట్ ఈ చివర నుంచి ఆ చివర దాకా వదలకుండా వెంటపడితే ఫస్ట్ హాఫ్‌లోనే ఏడు సార్లు బంతి పోగొట్టుకున్నాడు. గేమ్ ఫోర్‌లో డోరియన్ ఫిన్నీ-స్మిత్ ఒక్కడే ఎనిమిది త్రీలు (మూడు పాయింట్ల షాట్లు) వేశాడు. స్టార్లు కాని వాళ్ళు ఒక్కొక్కరే లేచి నిలబడ్డం మొదలైంది అక్కడ. 2-2.

మళ్ళీ ఫీనిక్స్ వెళ్ళి గేమ్ ఫైవ్‌లో చిత్తుగా ఓడాం, 110-80. సన్స్ స్టార్ డెవిన్ బుకర్ నేల మీద పడుకుని లూకాని వెక్కిరించిన క్లిప్ ఆ రాత్రంతా అందరి ఫోన్లలో తిరిగింది. చాలామంది అయిపోయిందన్నారు. మే 12 గురువారం అమెరికన్ ఎయిర్‌లైన్స్ సెంటర్‌లో గేమ్ సిక్స్, ఓడితే సీజన్ క్లోజ్. 113-86తో గెలిచాం, లూకా 33 పాయింట్లు, 11 రీబౌండ్లు. రెండు రోజుల ముందు 30 తేడాతో ఓడిన టీమ్ 27 తేడాతో గెలిచింది. గేమ్ సెవెన్ గురించే జనం మాట్లాడుకుంటారు గానీ నాకు ఆ గేమ్ సిక్స్ అంటే చాలా గౌరవం, ఎందుకంటే అంత అవమానం అయ్యాక తలొంచుకుని పని చేసుకుపోవడం అందరి వల్లా కాదు.

మే 15 ఆదివారం ఫీనిక్స్‌లో గేమ్ సెవెన్. అప్పటిదాకా ఆ సిరీస్‌లో ఆరు గేములూ సొంత ఊరి టీమే గెలిచింది, కాబట్టి లెక్క ప్రకారం సన్స్‌దే. మా హాల్లో ఆ సాయంత్రం పది పదిహేను మంది ఉంటారు, సగం మందికి క్రికెట్ తప్ప ఇంకోటి తెలీదు. ఖమ్మం నుంచి విజిటర్ వీసా మీద వచ్చిన మా మామగారు రిక్లైనర్‌లో కూర్చుని పకోడీ తింటూ, ఇది ఎన్ని ఓవర్లు అన్నట్టుగా నాలుగు క్వార్టర్ల సంగతి అడిగి తెలుసుకున్నారు. ఫస్ట్ క్వార్టర్ 27-17. సెకండ్ క్వార్టర్‌లో సన్స్ మొత్తం టీమ్ కలిసి వేసింది పది పాయింట్లు. హాఫ్ టైమ్‌కి 57-27, అందులో లూకావి 27, అంటే ఒక్కడు అటు టీమ్ మొత్తంతో సమానం. స్టెప్ బ్యాక్ త్రీ పడ్డాక లూకా బుకర్ వైపు చూసి నవ్వుతుంటే మామగారు, ఆ అబ్బాయి ఎందుకలా నవ్వుతున్నాడు అని అడిగారు. మా వాడు, అప్పటికి వాడికి పదేళ్ళు, గేమ్ ఫైవ్ రాత్రి సంగతంతా తాతయ్యకి చెప్పాడు. మామగారు పకోడీ ప్లేట్ పక్కన పెట్టి ముందుకు జరిగి కూర్చున్నారు, ఇంక గేమ్ అయ్యేదాకా లేవలేదు.

ఫైనల్ స్కోర్ 123-90. లీడ్ ఒక దశలో 46 దాకా వెళ్ళింది. లూకా 35, బెంచ్ మీద నుంచి వచ్చిన స్పెన్సర్ డిన్‌విడీ 30, జేలెన్ బ్రన్సన్ 24. బుకర్‌కి 11, క్రిస్ పాల్‌కి 10. 2011లో డర్క్ నొవిట్స్కీ కప్పు తెచ్చిన తర్వాత వెస్ట్ ఫైనల్స్‌కి వెళ్ళడం అదే మొదటిసారి.

వెస్ట్ ఫైనల్స్‌లో వారియర్స్ చేతిలో 4-1తో ఓడిపోయాం. అయినా ఆ రెండు రాత్రులు ఇచ్చింది ఎవరూ తీసుకోలేరు. లూకా ఒత్తిడిలో పెరిగే మనిషని తెలిసింది. బ్రన్సన్ పెద్ద గేమ్‌కి భయపడడని తెలిసింది, అంతకు ముందే యూటాతో సిరీస్‌లో లూకా పిక్క పట్టేసి మూడు గేములు కూర్చున్నప్పుడు గేమ్ టూలో 41 కొట్టాడు కదా. ఫిన్నీ-స్మిత్, బుల్లక్ లాంటి వాళ్ళు చివరి దాకా కాళ్ళు ఆడిస్తారని తెలిసింది. ప్రాక్టీస్‌లో చూస్తేనో, ఎక్సెల్ షీట్‌లో చూస్తేనో ఇది దొరకదు, ఏ స్కౌట్‌కి ఎంత జీతమిచ్చినా దొరకదు. సీజన్ మొత్తం ఒక ఎత్తు, ఆ రెండు గేములు ఒక ఎత్తు.

అయితే ఆ తెలిసినదాన్ని మన టీమ్ ఆ వేసవిలోనే పోగొట్టుకుంది. బ్రన్సన్ కాంట్రాక్ట్ అయిపోయి ఫ్రీ ఏజెంట్‌గా న్యూయార్క్ నిక్స్‌కి వెళ్ళిపోయాడు, నాలుగేళ్ళకి 10.4 కోట్ల డాలర్లు. అంతకు ముందు అందులో దాదాపు సగానికే ఎక్స్‌టెన్షన్ ఇచ్చే వీలు ఉండింది, లేట్ చేశారు. తర్వాతి సీజన్ 38-44, ప్లేఆఫ్స్‌కే వెళ్ళలేదు. బ్రన్సన్ న్యూయార్క్‌లో ఎంతటి వాడయ్యాడో మీకు నేను చెప్పక్కర్లేదు. ఇది మీ హయాంలో జరిగింది కాదు, మీ మీద వేయట్లేదు, కానీ గేమ్ సెవెన్‌లో నిలబడ్డ మనిషిని తక్కువ అంచనా వేస్తే ఏమవుతుందో అప్పటికే ఈ ఆర్గనైజేషన్ ఫైళ్ళలో ఉంది, మీరు కొన్నాక తెరిచి చూసుకోవాల్సింది.

2024 మాత్రం పూర్తిగా మీ కళ్ళ ముందే. వెస్ట్‌లో టాప్ సీడ్ ఓక్లహోమా సిటీ, మే 18న గేమ్ సిక్స్, చివరి 2.5 సెకన్లలో పీజే వాషింగ్టన్‌కి త్రీ వేస్తుండగా ఫౌల్ వచ్చింది, మొదటి రెండు ఫ్రీ త్రోలు వేసి మూడోది కావాలనే మిస్ చేశాడు, 117-116. ఆ టైమ్‌లో చేతులు వణక్కుండా ఉండడమే గొప్ప, పైగా అంత తెలివి కూడా! తర్వాత మిన్నెసోటా, ఆ సీజన్‌లో లీగ్‌లోనే నంబర్ వన్ డిఫెన్స్, వాళ్ళ ఊళ్ళోనే గేమ్ టూలో రూడీ గోబేర్ మీద నుంచి లూకా వేసిన త్రీతో 109-108. గేమ్ ఫైవ్‌లో లూకా, మన ఇంకో స్టార్ కైరీ చెరో 36. ఫైనల్స్‌లో బాస్టన్ చేతిలో ఓడినా ఎవరూ తల దించుకోలేదు, ఇంకొక్క అడుగే అనుకున్నాం. లూకాకి అప్పటికి పాతికేళ్ళు.

ఎనిమిది నెలలు తిరక్కుండా, 2025 ఫిబ్రవరి 1 శనివారం అర్ధరాత్రి దగ్గరపడుతుండగా వార్త వచ్చింది. లూకాని లేకర్స్‌కి ఇచ్చేసి ఆంథొనీ డేవిస్‌ని, మ్యాక్స్ క్రిస్టీని, 2029 డ్రాఫ్ట్‌లో (కొత్త ప్లేయర్లని టీమ్‌లు ఎంచుకునే చోట) ఫస్ట్ రౌండ్ పిక్ ఒకటి తీసుకున్నారు. వార్త పెట్టిన రిపోర్టర్ అకౌంట్‌ని ఎవరో హ్యాక్ చేశారని చాలామంది అనుకున్నారు. తెల్లారాక అరీనా బయట డర్క్ విగ్రహం దగ్గర జనం శవపేటిక తెచ్చి పెట్టారు. బయటివాళ్ళకి అది అతిగా అనిపించి ఉండొచ్చు. నాకైతే అనిపించలేదు.

నికో గారు చెప్పిన కారణం డిఫెన్స్. ఛాంపియన్‌షిప్‌లు తెచ్చేది డిఫెన్సేనన్నారు. డ్యూమాంట్ గారూ, దయచేసి మళ్ళీ ఒకసారి ఆ గేమ్ సెవెన్ ఫస్ట్ హాఫ్ పెట్టించుకుని చూడండి. 64 గేములు గెలిచిన టీమ్‌ని వాళ్ళ సొంత కోర్ట్‌లో, వాళ్ళ జనం ముందు, సగం గేమ్‌లో 27 పాయింట్ల దగ్గర ఆపేశారు, ఆ డిఫెన్స్‌లో ఉన్న ఐదుగురిలో లూకా ఒకడు. సిరీస్ మొదట్లో సన్స్ వాళ్ళు అతన్నే స్క్రీన్లలోకి లాగి ఆడుకున్న మాట నిజం, గేమ్ టూ తర్వాత కోచ్ కూడా ఊరుకోలేదు. కానీ రెండు వారాల్లో సర్దుకున్నాడు. డిఫెన్స్ అంటే నలుగురు ఒకడి వెనక నమ్మకంతో నిలబడ్డం కూడా, ఆ నమ్మకం ఉన్న టీమ్‌ని విడగొట్టి డిఫెన్స్ కొనుక్కొచ్చాం అంటే ఎలా నమ్మాలి? లూకా ఒళ్ళు తగ్గించుకోవట్లేదని, ఆ వేసవికి దాదాపు 34.5 కోట్ల డాలర్ల సూపర్‌మ్యాక్స్ (లీగ్‌లో ఇవ్వగల అతి పెద్ద కాంట్రాక్ట్) ఇవ్వాల్సొస్తుందని కూడా వార్తలొచ్చాయి. అవన్నీ మాట్లాడుకుని తేల్చుకోవాల్సిన విషయాలు. చివరి గేముల్లో గెలిపించిన మనిషికి ఆ మాత్రం ఓపిక బాకీ ఉంటాం.

ఆ తర్వాతది మీకూ తెలుసు, ఎక్కువ రాయను. డేవిస్ మొదటి గేమ్‌లోనే దెబ్బ తగిలి కూర్చున్నాడు, మార్చి మొదట్లో కైరీకి మోకాలు పోయింది, 39-43తో ప్లే-ఇన్‌లో (ప్లేఆఫ్స్‌లోకి వెళ్ళడానికి ఆఖరి ఛాన్స్ గేములు) మెంఫిస్ చేతిలో సీజన్ ముగిసింది. ఏప్రిల్ 9న లూకా లేకర్స్ జెర్సీలో వచ్చాడు. గేమ్‌కి ముందు వీడియో వేస్తే బెంచ్ మీద టవల్‌తో మొహం తుడుచుకుంటూ ఏడ్చాడు, తర్వాత లేచి 45 కొట్టాడు. మా వాడు లూకా 77 జెర్సీ వేసుకునే కూర్చున్నాడు, మావెరిక్స్‌దే, పొట్టయిపోయింది కూడా. ఎవరు గెలవాలి నాన్నా మనకి అని అడిగాడు. నేనేం చెప్పలేకపోయా. సొంత ఊరి పిల్లాడికి సొంత టీమ్ గేమ్‌లో ఆ ప్రశ్న వచ్చిందంటే ఎంత తెగిందో మీరే ఆలోచించండి.

మే 12న, మూడేళ్ళ కింద ఆ గేమ్ సిక్స్ జరిగిన తేదీనే, 1.8 శాతం ఛాన్స్‌తో డ్రాఫ్ట్ లాటరీ తగిలి మొదటి పిక్ వచ్చింది, కూపర్ ఫ్లాగ్ వచ్చాడు. పుట్టింది 2006 డిసెంబర్. ఆ కుర్రాడంటే నాకిష్టం, డిఫెన్స్ ఆడతాడు, సణగడు, బంతి కోసం నేల మీద పడతాడు. అందుకే భయం కూడా. రేపు అతను ప్లేఆఫ్స్‌లో గేమ్ సిక్స్ ఓడతాడు, బహుశా తన తప్పు వల్లే ఓడతాడు, గొప్పవాళ్ళు దాదాపు అందరూ మొదట ఓడినవాళ్ళే. డర్క్ 2006 ఫైనల్స్‌లో 2-0 లీడ్‌లో ఉండి మయామీ చేతిలో ఓడాడు, మరుసటి ఏడాది 67 గెలుపుల టీమ్‌తో మొదటి రౌండ్‌లోనే ఎనిమిదో సీడ్ గోల్డెన్ స్టేట్ చేతిలో ఓడాడు, అది కూడా గేమ్ సిక్స్‌లో. అప్పుడు ఈ ఊళ్ళో డర్క్‌ని అమ్మేయమన్న వాళ్ళున్నారు. అమ్మలేదు కాబట్టే 2011 జూన్ 12న అదే మయామీలో, అదీ గేమ్ సిక్స్‌లోనే, కప్పు వచ్చింది. ఆ రోజు జేసన్ కిడ్ గారు ప్లేయర్‌గా ఆ కోర్ట్ మీదే ఉన్నారు, ఆయన్నే అడగండి.

ఇక నేను అడిగేవి. నికో గారిని తీసేసే ముందు రోజు గేమ్‌లో ఒక కుర్ర ఫ్యాన్ పక్కన కూర్చుని ఆ ట్రేడ్ గురించి బాధగా ఉందన్నట్టు మాట్లాడారని వార్తల్లో చదివాం. నిజమే అయితే ఆ మాట ఒక్క కుర్రాడికి చెప్పి ఆపేయకండి, ఊరందరికీ చెప్పండి, మైక్ ముందు నిలబడి మీ నోటితోనే చెప్పండి, జీఎం మారినంత మాత్రాన అది చెప్పినట్టు కాదు. ట్రేడ్ ఎవరు మొదలుపెట్టారు, మీకు ఏం చెప్పి ఒప్పించారు, ఎందుకు ఒప్పుకున్నారు, అవి కూడా చెప్తే ఇంకా మంచిది.

77 నంబర్ ఇంకెవరికీ ఇవ్వకండి. అతను ఏ టీమ్‌లో రిటైరైనా సరే, ఆ జెర్సీ అరీనా పైకప్పు కింద డర్క్ 41 పక్కన ఉండాలి. ఫీనిక్స్ మీద గేమ్ సెవెన్‌కి కప్పు రాలేదు కాబట్టి బ్యానర్ ఉండదు, తెలుసు, కానీ లోపల ఎక్కడో ఒక గోడ మీద ఆ 57-27 స్కోర్‌బోర్డ్ ఫోటో పెట్టడానికి ఏం అడ్డు? ఫిన్నీ-స్మిత్, బుల్లక్, డిన్‌విడీ వీళ్ళని ఒకసారి పిలవండి. ఇప్పుడు వాళ్ళు ఎక్కడున్నా ఈ ఊళ్ళో వాళ్ళకి జనం లేచి నిలబడి చప్పట్లు కొడతారు.

ఫ్లాగ్ చుట్టూ టీమ్ కట్టేటప్పుడు తొందరపడి పిక్స్ అన్నీ వయసైపోతున్న స్టార్ల మీద పెట్టేయొద్దు. అతనితో పాటు పెరిగేవాళ్ళని ఉంచండి, కలిసి ఓడనివ్వండి, కలిసి మళ్ళీ గేమ్ సిక్స్‌కి రానివ్వండి. ఆ రోజు ఎవరు నిలబడ్డారో, ఎవరు బంతి రాకుండా దాక్కున్నారో కొత్త జీఎం రాసి పెట్టుకోవాలి, ఆ వేసవిలో కాంట్రాక్ట్‌లు రాసేటప్పుడు మొదట ఆ కాగితమే తియ్యాలి. బ్రన్సన్‌కి జరిగింది ఇంకొకరికి జరగకూడదు. ఫ్లాగ్‌కి పెద్ద కాంట్రాక్ట్ టైమ్ వచ్చినప్పుడు ఏదైనా ఇబ్బంది ఉంటే అతన్నే పిలిచి మొహం మీద మాట్లాడండి, ఇంకో ఊరి జీఎంతో కాఫీ తాగుతూ గుట్టుగా తేల్చేయకండి.

ఇంకోటి, ఇది ఇర్వింగ్ వాడిగా. ఇప్పటి అరీనాకి మీ లీజ్ 2031 దాకే, కొత్త అరీనా మాట వస్తోంది, ఇక్కడి పాత టెక్సాస్ స్టేడియం స్థలం పేరు కూడా 2025లో వినపడింది. 2025 మార్చిలో సిటీ కౌన్సిల్ దగ్గర అక్కడ క్యాసినో కూడా పెట్టే ముక్క వచ్చినప్పుడు ఇక్కడివాళ్ళు గట్టిగా వద్దన్నారు, ఆ ముక్క తీసేశాకే ముందుకు కదిలింది. అరీనా వస్తే నాకు సంతోషమే, నడిచి వెళ్ళేంత దూరంలో గేమ్ సెవెన్ అంటే ఎవరికి చేదు. కానీ ముందు వచ్చి మాతో కూర్చుని మాట్లాడండి.

సీజన్ టికెట్ రెన్యూ చేయాలా వద్దా అని మా గ్రూప్‌లో ఇంకా తేలలేదు. మీ నుంచి పైన అడిగినవాటిల్లో మొదటిదానికి జవాబు వస్తే తేల్చుకుంటాం.

ఇట్లు,
ఇర్వింగ్ నుంచి ఒక మావ్స్ ఫ్యాన్